వెళ్ళిపోయినవాళ్ళ ఊరిని తెరకెక్కించడం: కేరళ యూదుల వారసత్వం మీద డాక్యుమెంటరీ ఎలా తీయాలి

కొచ్చి దగ్గర మట్టంచేరిలో జ్యూ టౌన్ అనే వీధి ఉంది. దుకాణాల బోర్డుల మీద దావీదు నక్షత్రాలున్నాయి, పాత ఇళ్ళ కిటికీ ఊచల్లోనూ ఉన్నాయి. ఆ ఇళ్ళలో ఉండాల్సిన యూదులు మాత్రం దాదాపు లేరు. 1948 నాటికి కేరళలో రెండున్నర వేలకు కాస్త తక్కువగా ఉన్న ఈ సముదాయం 1950లలో కుటుంబాలకు కుటుంబాలుగా ఇజ్రాయెల్‌కు వెళ్ళిపోయింది. వాళ్ళు కట్టుకున్న ఏడు సినగాగ్ (యూదుల ప్రార్థనా మందిరం) భవనాలు ఇంకా గుర్తుపట్టేలా ఉన్నాయి. వాటిలో పరదేశి సినగాగ్ ఒక్కటే పర్యాటకులందరికీ తెలుసు.

ఈ వారసత్వం మీద నలభై, యాభై నిమిషాల డాక్యుమెంటరీ తీయాలనుకునే చిన్న బృందానికి ఉపయోగపడాలని ఇది రాశాం. దర్శకుడు, కెమెరా, శబ్దం కలిపి ముగ్గురు చాలు. నాలుగో మనిషి మలయాళం బాగా వచ్చినవారై ఉండాలి. ఇక్కడ చెప్పే పద్ధతుల్లో చాలావరకు ఖాళీ అయిపోయిన ఏ సముదాయం ఊరికైనా పనికొస్తాయి.

కెమెరా కంటే ముందు: మూడు గళ్ళ పట్టిక

ఈ విషయం మీద తీసే సినిమాలు ఎక్కువగా ఒకే చోట తప్పటడుగు వేస్తాయి. "చివరి యూదుడు" అని పేరు పెట్టి, ఒక వృద్ధుడి ముఖం మీద వయొలిన్ వాయించి ముగిస్తాయి. ఆ సముదాయం అంతరించిపోలేదు. ఇజ్రాయెల్‌లో నెగెవ్ ఎడారిలోని నెవాతిమ్‌లో, మెసిలాత్ జియోన్‌లో, తఓజ్‌లో, ఉత్తరాన క్ఫార్ యువల్‌లో వాళ్ళ పిల్లలు, మనవలు ఉన్నారు. ఖాళీ అయింది ఊరు. ఈ తేడా తెలియకుండా తీస్తే బతికున్నవాళ్ళకు సంతాపం చెప్పినట్టవుతుంది.

అందుకే ముందుగా ఒక పెద్ద కాగితం తీసుకుని మూడు గళ్ళు గీయండి: పోయింది, తరలిపోయింది, మిగిలింది. మీకు తెలిసిన ప్రతి వస్తువునూ, కట్టడాన్నీ, పాటనూ, అలవాటునూ ఏదో ఒక గడిలో వేయండి. మట్టంచేరిలోని కడవుంభాగం సినగాగ్‌నే తీసుకోండి. 16వ శతాబ్దపు కట్టడం. చెక్కడాలున్న దాని లోపలి చెక్కపనిని విప్పి జెరూసలేంలోని ఇజ్రాయెల్ మ్యూజియానికి తీసుకెళ్ళి, అక్కడ మళ్ళీ అమర్చారు. కాబట్టి లోపలి భాగం తరలిపోయింది. గోడలు కొచ్చిలోనే ఉండిపోయి గోదాముగా వాడుకలోకి వచ్చాయి, 2019 సెప్టెంబరు వానలకు అందులో కొంత భాగం కూలింది. అది పోయింది. నిలిచిన గోడ మిగిలింది. ఒకే భవనం మూడు గళ్ళలోనూ పడిందంటే మీ సినిమాకు వెన్నెముక దొరికినట్టే.

పట్టికలో కనీసం ముప్పై వస్తువులు చేరేదాకా షూటింగ్ తేదీలు వేసుకోవద్దు. "మిగిలింది" గడి నిండుగా ఉండి మిగతా రెండూ ఖాళీగా ఉంటే, మీరు ఇంకా పర్యాటకుల కళ్ళతోనే చూస్తున్నారని అర్థం.

ఒక్క దారం పట్టుకోండి

రెండు వేల ఏళ్ళదని చెప్పుకునే చరిత్రను యాభై నిమిషాల్లో కూర్చితే అది పాఠ్యపుస్తకంలా తయారవుతుంది. ఒక భవనమో, ఒక వస్తువో, ఒక పాటో ఎంచుకుని దాని వెంట నడవండి. బాగా పనిచేసే దారం ఒకటుంది: తాళంచెవి. ప్రతి సినగాగ్ దగ్గరా "జనం వెళ్ళిపోయాక తాళంచెవి ఎవరి దగ్గరుంది?" అని అడగండి. మాళలో 1955లో సినగాగ్‌ను పంచాయతీకి అప్పగించి వెళ్ళారు. చేందమంగలం, పరవూర్ భవనాలు ఇప్పుడు ప్రభుత్వ మ్యూజియాలు. ఎర్నాకుళం కడవుంభాగం ముందు భాగంలో అలంకార చేపలు, మొక్కలు అమ్మే దుకాణం చాలా ఏళ్ళు నడిచింది. మరమ్మతులు జరిగాక 2018లో అక్కడికి మళ్ళీ ఒక తోరా (యూదుల ధర్మశాస్త్ర గ్రంథం) చుట్టను తెచ్చారు. ఒకే ప్రశ్నకు నాలుగు చోట్ల మూడు రకాల జవాబులు వచ్చాయి. కథ దానంతటదే నడుస్తుంది.

చదువుకోవాల్సినవి, తేదీలు లెక్కగట్టడం

ఇంటర్వ్యూలకు వెళ్ళేలోపు చేతిలో ఒక కాలక్రమ పత్రం ఉండాలి. అందులో తప్పనిసరిగా ఉండాల్సినవి కొన్ని: యూదుల పెద్ద యోసేఫ్ రబ్బాన్‌కు చేర రాజు భాస్కర రవివర్మ ఇచ్చిన రాగిరేకులు; చేందమంగలంలో సారా బత్ ఇస్రాయేల్ సమాధిరాయి, 1269; కొడుంగల్లూర్ యూదుల మీద 1524లో జరిగిన దాడి; పరదేశి సినగాగ్ నిర్మాణం, 1568; 1662లో పోర్చుగీసుల చేతిలో దానికి జరిగిన నష్టం; 1968లో నాలుగు వందల ఏళ్ళ ఉత్సవం, ఆ సందర్భంగా వచ్చిన తపాలా బిళ్ళ.

రాగిరేకుల దగ్గర ఒక చిక్కుంది. సముదాయపు సంప్రదాయం వాటిని క్రీ.శ. 4వ శతాబ్దానికి చెందినవంటుంది. శాసన పరిశోధకులు లిపినీ రాజు పేరునూ బట్టి దాదాపు క్రీ.శ. 1000 అంటారు. పెద్దవాళ్ళు కెమెరా ముందు పాత తేదీ చెప్తే సరిదిద్దవద్దు, ఆ మాటను కోసేయవద్దు. వాళ్ళ నమ్మకం వాళ్ళ నోట వినిపించాలి, పరిశోధకుల తేదీ వ్యాఖ్యానంలో రావాలి. రెండూ వ్యాఖ్యాత గొంతులోనే కలిపేస్తే ప్రేక్షకుడికి ఏది ఏమిటో తెలియదు.

సమాధిరాళ్ళ మీది సంవత్సరాలు హీబ్రూ అక్షరాల్లో ఉంటాయి. ప్రతి అక్షరానికీ ఒక అంకె విలువ ఉంది. వేలను వదిలేసి వందల నుంచే రాయడం మామూలు. అక్షరాల విలువలు కూడి, వచ్చిన సంఖ్యకు 1240 కలిపితే మన సంవత్సరం వస్తుంది. 328 వస్తే 1568. ఇక్కడ రెండు పొరపాట్లు తరచుగా జరుగుతాయి. మొదటిది, యూదుల ఏడాది సెప్టెంబరు, అక్టోబరుల్లో మొదలవుతుంది. కాబట్టి తిష్రి, హెష్వాన్, కిస్లెవ్ నెలల్లో జరిగినదానికి 1239 మాత్రమే కలపాలి. మట్టంచేరిలో యూదు సాధువు నెహెమియా మోతా సమాధి మీది తేదీ 5376 కిస్లెవ్ 25. వేలు వదిలేసి 376కు గుడ్డిగా 1240 కలిపితే 1616 వస్తుంది, సరైనది 1615. రెండోది, అరిగిన రాయి మీద 'హే' అక్షరం 'హేత్' లా, 'దాలెత్' అక్షరం 'రేష్' లా కనిపిస్తాయి. హే విలువ 5, హేత్ విలువ 8. అక్కడ తడబడితే మూడేళ్ళ తేడా. దాలెత్ 4, రేష్ 200. అక్కడ తడబడితే రెండు శతాబ్దాలు తారుమారవుతాయి. హీబ్రూ చదవగలిగిన ఇద్దరితో విడివిడిగా చదివించి, ఇద్దరి పాఠాలూ కలిస్తేనే తెర మీద వేయండి.

బైబిల్ వాక్యంలోనే కొన్ని అక్షరాల మీద చుక్కలు పెట్టి, వాటి మొత్తంతో ఏడాదిని దాచే అలవాటు కూడా ఉంది. అందుకే చుక్కలు కనబడేంత దగ్గరగా ఫొటో తీయాలి. కొన్ని పాత రాతల్లో గ్రీకు రాజుల కాలంలో మొదలైన సెల్యూసిడ్ శకం ఉంటుంది, దానిలోంచి 311 తీసేయాలి, శరత్కాలపు నెలలైతే 312. స్థానిక దస్తావేజుల్లో కేరళవాళ్ళ కొల్లం శకం ఉంటే 825 కలపండి, దాని మొదటి నెల చింగం (ఆగస్టు మధ్య) నుంచి డిసెంబరు చివరిదాకా అయితే 824.

పత్రాల కోసం ఎర్నాకుళంలోని కేరళ ప్రభుత్వ పురాభిలేఖాల కార్యాలయం, డచ్చివాళ్ళ కొచ్చి రికార్డుల కోసం చెన్నైలోని తమిళనాడు ఆర్కైవ్స్, హీబ్రూ రాతప్రతుల కోసం జెరూసలేంలోని ఇజ్రాయెల్ జాతీయ గ్రంథాలయం చూడండి. 1806 ప్రాంతంలో క్రైస్తవ మతాచార్యుడు క్లాడియస్ బుకానన్ మలబారు నుంచి తీసుకెళ్ళిన రాతప్రతులు కేంబ్రిడ్జ్ విశ్వవిద్యాలయ గ్రంథాలయంలో ఉన్నాయి. వాటిని "తరలిపోయింది" గడిలో రాసుకోండి.

అనుమతులు, క్యాలెండర్

జూన్ నుంచి సెప్టెంబరు దాకా ఎడతెరిపి లేని వాన, అక్టోబరు, నవంబరుల్లో సాయంత్రపు ఉరుములు. షూటింగ్‌కు డిసెంబరు నుంచి ఫిబ్రవరి దాకా మంచిది. కిస్లెవ్ 25 కూడా డిసెంబరు చుట్టుపక్కలే వస్తుంది. నెహెమియా మోతా వర్ధంతి నాడు ఆయన సమాధి దగ్గర అన్ని మతాలవాళ్ళూ కొవ్వొత్తులు వెలిగించే ఆనవాయితీ ఉంది. ఆ తేదీ ఏటా మారుతుంది, ముందే యూదుల క్యాలెండర్‌లో చూసుకోండి.

శుక్రవారం సూర్యాస్తమయం నుంచి శనివారం చీకటిపడేదాకా సబ్బాతు. తెలుగు బైబిల్ చదివినవారికి విశ్రాంతి దినంగా తెలిసినదే. ఆచారం పాటించే కుటుంబాల దగ్గర ఆ సమయంలో కెమెరా, మైకు, ఫోను ఏదీ బయటికి తీయకూడదు. మీరే బటన్ నొక్కినా వాళ్ళ ఇంట్లో అది అమర్యాద. ఇజ్రాయెల్‌లో శుక్రవారం మధ్యాహ్నం రెండు దాటాక ఇంటర్వ్యూ పెట్టుకోవద్దు, ఇంటివాళ్ళు వంటపనిలో ఉంటారు. సినగాగ్‌లోనూ సమాధుల దగ్గరా మగవాళ్ళు తల కప్పుకోవాలి, కాబట్టి బృందానికి నాలుగైదు చిన్న టోపీలు సంచిలో ఉంచుకోండి. పరదేశి సినగాగ్‌లోకి చెప్పులు విడిచి వెళ్ళాలి.

పరదేశి సినగాగ్ లోపల చిత్రీకరణకు అక్కడి నిర్వాహకుల దగ్గర, మ్యూజియాలుగా మారిన భవనాలకు సంబంధిత ప్రభుత్వ శాఖ దగ్గర రాతపూర్వక అనుమతి తీసుకోండి. షూటింగ్‌కు కనీసం ఆరు వారాల ముందు ఉత్తరం పంపండి. అందులో ట్రైపాడ్, లైట్లు, మనుషుల సంఖ్య, గంటలు విడివిడిగా రాయండి. "షూటింగ్‌కు అనుమతి" అని మాత్రమే ఉన్న కాగితంతో వెళ్తే గుమ్మం దగ్గర ట్రైపాడ్ ఆపేస్తారు. కొచ్చిలో నావికాదళ స్థావరం ఉంది. డ్రోన్ ఎగరేసే ఆలోచన ఉంటే ప్రభుత్వ డ్రోన్ వెబ్‌సైట్ డిజిటల్ స్కై మ్యాప్‌లో ఆ చోటు ఏ రంగులో ఉందో చూడకుండా పెట్టెలో పెట్టుకోవద్దు.

ఇంటర్వ్యూలు: ఆలస్యం చేయకూడని పని

భవనం మరో ఏడాది ఆగుతుంది. 1954లో పదేళ్ళున్న పిల్లవాడికి 2024 నాటికి ఎనభై ఏళ్ళు. మీ డబ్బులో మొదటి భాగం ఇంటర్వ్యూలకే పోవాలి, మిగిలినదాంతో భవనాలు తీసుకోవచ్చు.

తొలిరోజు కెమెరా వద్దు. చిన్న రికార్డర్ ఒక్కటే పెట్టి గంటసేపు మాట్లాడండి. రెండో రోజు కెమెరాతో వెళ్ళండి, గంటన్నర దాటనివ్వవద్దు. పెద్దవాళ్ళకు ఉదయం పది నుంచి పన్నెండు మధ్య గొంతు, జ్ఞాపకం రెండూ బాగుంటాయి.

భాష ముఖ్యం. ఇజ్రాయెల్‌లో ఉన్న పెద్దవాళ్ళు హీబ్రూలో అడిగితే హీబ్రూలోనే, తడుముకోకుండా, అందరికీ చెప్పిన కథే చెప్తారు. అదే ప్రశ్న మలయాళంలో అడిగితే చిన్నప్పటి వీధి బయటికొస్తుంది, వాళ్ళ యూద మలయాళంలోని హీబ్రూ మాటలు కలిసిన ప్రత్యేకమైన పలుకుబళ్ళూ బయటికొస్తాయి. దుబాసీగా కొడుకునో కూతురినో కూర్చోబెట్టకండి. వాళ్ళు ప్రేమకొద్దీ కుదించి చెప్తారు, ఇబ్బందికరమైనవి వదిలేస్తారు.

"వెళ్ళిపోతుంటే ఎలా అనిపించింది?" అని అడిగితే "బాధేసింది" అన్న ఒక్క మాటే వస్తుంది. చేతికి తగిలే ప్రశ్నలు వేయండి. ఊరు విడిచిన రోజు పెట్టెలో ఏం పెట్టారు? ఏం పట్టక వదిలేశారు? వెనక తలుపు ఎవరు మూశారు? సబ్బాతు దీపంలో నూనె ఎవరు పోసేవారు? పక్కింటివాళ్ళు ఎవరు, పండక్కి వాళ్ళకు ఏం పంపేవారు? మీ అమ్మ పాటల పుస్తకం ఇప్పుడెక్కడుంది?

మంచి ఫలితమిచ్చే పని మరొకటుంది. ఒక ఏ3 కాగితం, లావు పెన్ను ఇచ్చి, తమ వీధి పటం గీయమనండి: ఎవరి ఇల్లు ఎక్కడ, బావి ఎక్కడ, సినగాగ్‌కు దారి ఏది. కెమెరాను నిలువుగా పైనుంచి చేతుల మీద పెట్టండి. గీస్తున్నప్పుడు మనుషులు మామూలుగా చెప్పనివి చెప్తారు. ముగ్గురు వేర్వేరు మనుషులు గీసిన ఒకే వీధి పటాలను తర్వాత పక్కపక్కన పెడితే, ఎవరూ గీయని ఇల్లు ఒకటి బయటపడవచ్చు. అది ఎవరిదో, ఎందుకు గీయలేదో వెంటనే ఆరా తీయండి.

ఎందుకంటే ఈ సముదాయం లోపల కూడా గోడలుండేవి. ముందునుంచీ ఉన్న మలబారీలు, తర్వాత బయటి దేశాల నుంచి వచ్చిన పరదేశీలు వేరువేరుగా ఉండేవారు. విడుదలైన బానిసల సంతతిగా చూసినవారికి పరదేశి సినగాగ్‌లో సమాన హక్కులు ఉండేవి కావు. న్యాయవాది ఎ.బి. సేలం ఆ వివక్ష మీద సినగాగ్‌లోనే సత్యాగ్రహ పద్ధతిలో పోరాడారు. జ్యూ టౌన్‌లో ఆయన పేరు మీద వీధి ఉంది. ఈ విషయం పక్కనపెట్టి తీసిన సినిమా అందంగా ఉంటుంది కానీ అబద్ధమవుతుంది. "నల్ల యూదులు, తెల్ల యూదులు" అనే పాత మాటలు పత్రాల్లో కనిపిస్తాయి. ఎవరైనా ఉటంకిస్తే ఉంచండి, మీ వ్యాఖ్యానంలో మాత్రం మలబారీ, పరదేశి అనే చెప్పండి.

పొరుగువాళ్ళను మరవకండి. తాళంచెవి దాచిన ముస్లిం కుటుంబం, సినగాగ్ పక్కన పెరిగిన క్రైస్తవ టీచరు, పాత ఇల్లు కొన్న హిందూ వ్యాపారి వంటివాళ్ళ దగ్గర వెళ్ళిపోయినవాళ్ళకు తెలియని తర్వాతి కథ ఉంటుంది.

సాంకేతికంగా: కాలర్ మైకు గడ్డానికి 15 నుంచి 20 సెం.మీ. కింద ఉండాలి. శబ్దం 24 బిట్, 48 కిలోహెర్ట్జ్ వేవ్ ఫైలుగా, మాట గట్టిగా ఉన్నప్పుడు కూడా మైనస్ 6 డెసిబెల్స్ దాటకుండా రికార్డు చేయండి. సీలింగ్ ఫ్యాను, ఫ్రిజ్ ఆపించండి. వెళ్ళేటప్పుడు ఫ్రిజ్ మళ్ళీ వేయడం మరచిపోకుండా మీ కారు తాళాలు అందులో పెట్టుకోండి. ఇంటర్వ్యూ అయ్యాక అందరూ కదలకుండా ఒక నిమిషం ఆ గది నిశ్శబ్దాన్ని రికార్డు చేయండి. ఎడిటింగ్‌లో మాటల మధ్య అతుకులు కనబడకుండా చేసేది అదే. వీడియో సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ 1/50. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి ఆ లెక్కలో తీస్తే ట్యూబులైట్లు మినుకుమనవు.

సమ్మతి పత్రంలో ఒకే సంతకం చాలదు. సినిమాలో వాడటానికి, ఇంటర్నెట్‌లో పెట్టడానికి, పూర్తి ఇంటర్వ్యూను ఆర్కైవ్‌కు ఇవ్వడానికి, పేరు చెప్పడానికి నాలుగు గడులు విడివిడిగా ఉంచండి. వాళ్ళ భాషలో పైకి చదివి వినిపించి, ఆ సమ్మతిని కూడా రికార్డు చేయండి. ఎడిట్ పూర్తయ్యేదాకా ఏ భాగాన్నైనా వెనక్కి తీసుకునే హక్కు వాళ్ళకుందని రాతపూర్వకంగా చెప్పండి.

భవనాలు, రాళ్ళు

కేరళ సినగాగ్‌ల్లో మరెక్కడా సాధారణంగా కనిపించని ఒక ఏర్పాటు ఉంది. హాలు మధ్యలో తోరా చదివే వేదిక ఒకటి, పైన మేడ మీద స్త్రీల గది ముందు రెండో వేదిక. ఈ రెండూ ఒకే ఫ్రేములో పడేలా పడమటి గోడలోని మందసం (తోరా చుట్టలు ఉంచే అర) వైపు నుంచి వెనక్కి తిరిగి ఒక వెడల్పు షాట్ తీయండి. చాలా బృందాలు మందసాన్నే తీసి తిరిగొస్తాయి, రెండో వేదిక గురించి మాట్లాడేటప్పుడు చూపించడానికి ఏమీ ఉండదు. వీధి నుంచి లోపలికి ఆగకుండా నడిచే షాట్ కూడా తప్పక తీయండి: ద్వారపు గది, సన్నని నడవ, తెరుచుకున్న ప్రాంగణం, అప్పుడు హాలు.

పరదేశి సినగాగ్ నేల మీది చైనా నీలి పలకల గురించి "ఏ రెండూ ఒకేలా ఉండవు" అని గైడ్లు చెప్తారు. వ్యాఖ్యానంలోకి ఎత్తుకునే ముందు నేలను వరుసలవారీగా పైనుంచి ఫొటోలు తీసి పోల్చండి. చేత్తో గీసినవి కాబట్టి గీతలు తేడాగా ఉంటాయి, డిజైన్ తేడాగా ఉందా లేదా అన్నది వేరే ప్రశ్న. వినసొంపైన ప్రతి మాటనూ ఇలాగే పరీక్షించండి.

సమాధిరాయి మీద సుద్దపొడి, పిండి, షేవింగ్ నురగ రుద్దకండి. అవి రాతి రంధ్రాల్లో చేరి నాచుకు ఆహారమవుతాయి, అక్షరం అంచులు అరుగుతాయి. ఇనుప బ్రష్ అసలే వద్దు. మెత్తటి కుంచెతో మట్టి దులిపి, పక్కనుంచి వెలుగు పడేలా చూడండి. పొద్దున్నే ఏటవాలు ఎండ సరిపోతుంది. లేకపోతే రాయికి నీడ కల్పించి, రెండడుగుల అద్దంతో ఎండను రాతికి దాదాపు సమాంతరంగా, 15 నుంచి 20 డిగ్రీల కోణంలో మళ్ళించండి. ఎదురుగా చూస్తే మాయమైన అక్షరాలు నీడలతో లేచి నిలబడతాయి. నాలుగు వైపుల నుంచీ నాలుగు సార్లు తీయండి, ఒక వైపు వెలుగులో కనబడని గీత మరో వైపు కనబడుతుంది.

త్రీడీ నమూనా కావాలంటే, మీటరు ఎత్తున్న రాయికి 40 నుంచి 60 ఫొటోలు చాలు. ఒక ఫొటోకూ పక్క ఫొటోకూ కనీసం 70 శాతం భాగం కలిసి ఉండాలి. ఎపర్చర్ ఎఫ్/8, జూమ్ మార్చకూడదు, ఫ్రేములో కొలబద్ద ఉండాలి. మబ్బు పట్టిన రోజైతే ఇంకా మంచిది. నమూనా వంకర పోయిందంటే సాధారణంగా కారణం మధ్యలో జూమ్ కదలడమే.

సమాధుల మీద అడుగు వేయకండి, ట్రైపాడ్ కాలు ఆనించకండి. ఎవరికైనా నివాళి ఇవ్వాలనిపిస్తే పూలకు బదులు చిన్న గులకరాయి పెట్టడం వాళ్ళ ఆచారం. బృందంలోగాని వెంట వచ్చినవాళ్ళలోగాని కోహెన్ (పురోహిత) వంశస్థులైన యూదులుంటే వాళ్ళు సమాధుల ఆవరణలోకి రారు. వాళ్ళను గేటు బయట మాట్లాడించేలా ప్లాన్ చేసుకోండి.

కాగితాలు, పాటల పుస్తకాలు, క్యాసెట్లు

ఈ వారసత్వంలో అన్నిటికంటే అపురూపమైనవి స్త్రీల పాటలు. పెళ్ళిళ్ళకు, పండగలకు, బైబిల్ కథల మీద మలయాళంలో పాడుకున్నవి. తల్లి నుంచి కూతురికి చేతిరాత నోటుపుస్తకాల్లో వచ్చాయి. మగవాళ్ళు హీబ్రూ ప్రార్థనలు చదివితే, ఆడవాళ్ళు ఊరి భాషలో చరిత్రను పాడి నిలబెట్టారు. నోటుపుస్తకం దొరికితే అది మీ సినిమాకు పెద్ద నిధి.

దాన్ని పట్టుకునేటప్పుడు గ్లవ్స్ వద్దు, శుభ్రంగా కడిగి ఆరబెట్టిన చేతులే మేలు. గ్లవ్స్‌తో పెళుసు కాగితం చిరిగేది తెలియదు. పుస్తకాన్ని పూర్తిగా వెల్లకిలా తెరవకుండా రెండు దిండ్ల మధ్య పెట్టి, రెండు వైపులా 45 డిగ్రీల కోణంలో మెత్తని లైట్లు వేసి, మొదటి పేజీతో పాటు రంగుల పట్టీ కూడా ఫ్రేములో ఉంచి తీయండి. ఖాళీ పేజీలు, అట్ట లోపలి వైపు కూడా తీయాలి. కిరాణా లెక్కలు, పుట్టిన తేదీలు అక్కడే ఉంటాయి. దేవుని పేరున్న చిరిగిన హీబ్రూ కాగితాలను యూదులు పారేయరు, సమాధి చేస్తారు. అలాంటివి కనబడితే ఇంటివాళ్ళకే వదిలేయండి, మీరు సర్దకండి.

పాత ఫొటోలు 600 డీపీఐలో, అరచేతి కంటే చిన్నవైతే 1200లో, టిఫ్ ఫైలుగా స్కాన్ చేయండి. వెనక వైపు కూడా స్కాన్ చేయాలి, స్టూడియో ముద్ర, పేర్లు, ఊరు అక్కడే ఉంటాయి. క్యాసెట్ మీద తెల్లని బూజు కనబడితే ప్లేయర్‌లో వేయకండి, టేపు తెగిపోవడమే కాక ఆ బూజు తర్వాతి క్యాసెట్‌కూ అంటుతుంది. బూజు లేకపోతే ఒకసారి చివరిదాకా తిప్పి, మళ్ళీ వెనక్కి తిప్పి, అప్పుడు 24 బిట్, 96 కిలోహెర్ట్జ్‌లో ఎక్కించండి. ప్రతి క్యాసెట్‌కు ముందూ హెడ్‌ను స్పిరిట్‌తో తుడవాలి.

కొచ్చి గాలిలో తేమ ఎక్కువ. ఏసీ గది నుంచి కెమెరా బయటికి తీయగానే లెన్సు మసకబారుతుంది. సంచి మూసే ఉంచి అరగంట బయటి వేడికి అలవాటు కానివ్వండి. లెన్సు పెట్టెల్లో సిలికా జెల్ పొట్లాలు రెండు రోజులకోసారి మార్చండి.

భద్రపరచడం

సెకనుకు 100 మెగాబిట్ల 4కె వీడియో గంటకు 45 జీబీ అవుతుంది. 25 గంటల సరుకు తీస్తే 1,125 జీబీ. మూడు కాపీలు ఉండాలి: రెండు వేర్వేరు డిస్కుల్లో, మూడోది వేరే ఊళ్ళో. కార్డును ఖాళీ చేసేముందు చెక్‌సమ్ సరిచూసే కాపీ సాఫ్ట్‌వేర్ వాడండి. మామూలు కాపీ పేస్ట్‌తో ఒకటో రెండో ఫైళ్ళు సగంలో తెగి, ఆ సంగతి ఎడిటింగ్ నాడు బయటపడుతుంది. ఫైలు పేరు తేదీతో మొదలుపెట్టి ఊరు, విషయం, కెమెరా సంఖ్య రాయండి. "ఫైనల్", "కొత్తది" వంటి మాటలు వద్దు. గంట ఇంటర్వ్యూను మాట మాటా రాసుకోవడానికి ఆరు నుంచి ఎనిమిది గంటలు పడుతుంది. ఆ సమయాన్ని ప్రణాళికలోనే పెట్టుకోండి.

ఎడిటింగ్

ఎడిటింగ్ టేబుల్ మీద ఒక్క నియమం పాటించండి: చోటు, వస్తువు, గొంతు ఈ మూడూ కలిసే చోటే సన్నివేశం మొదలవ్వాలి. కొచ్చిలో ఖాళీ గోడ, జెరూసలేం మ్యూజియంలో ఆ గోడ మధ్యే ఉండిన చెక్కపని, నెవాతిమ్‌లో ఆ చెక్కపని ముందు ప్రార్థించిన మనిషి మాట. మూడు ఖండికలు చాలు, వ్యాఖ్యానం అక్కర్లేదు.

యూరప్‌లోని నాజీ శిబిరాల బొమ్మలు, సంగీతం ఇందులోకి తేవద్దు. కేరళ యూదులను పొరుగువాళ్ళు తరిమేయలేదు. కొత్త దేశం పిలుపు, మత విశ్వాసం, మెరుగైన జీవితం మీద ఆశ, అందరితో పాటు వెళ్ళాలన్న ఒత్తిడి కలిసి వాళ్ళను కదిలించాయి. అలాగని "ఇక్కడ వాళ్ళకు ఏనాడూ కష్టం రాలేదు" అని కూడా చెప్పవద్దు. 1524, 1662 సంఘటనలు మీ కాలక్రమ పత్రంలోనే ఉన్నాయి. ఏఐతో తయారుచేసిన పాత ఫొటోలు, రంగులద్దిన నలుపు తెలుపు బొమ్మలు వాడితే ఆ బొమ్మ ఉన్నంతసేపూ తెర మీద ఆ సంగతి రాయండి. ఒక్కసారి నకిలీ కలిస్తే అసలు ఫొటోల మీద కూడా నమ్మకం పోతుంది. వారసత్వం మీద పనిచేసేవాళ్ళు చేయకూడని హాని అది.

తెలుగు సబ్‌టైటిల్స్‌కు వరుసకు 32 నుంచి 36 అక్షరాలు, రెండు వరుసలు మించకూడదు. ఒత్తులు కింది వరుసకు తగలకుండా వరుసల మధ్య ఎడం పెంచండి. కొన్ని ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్లు ఒత్తులను విడగొట్టి "స్త్రీ"ని ముక్కలు చేస్తాయి. ఒక నిమిషం ముక్క ముందే ఎగుమతి చేసి చూసుకోండి. మలయాళం నుంచి తెలుగు చేసేటప్పుడు మనల్ని మోసం చేసే మాట ఒకటుంది: "పళ్ళి". మనకు పల్లెలా వినిపిస్తుంది. మలయాళంలో అది చర్చి, మసీదు, సినగాగ్ ఏదైనా కావచ్చు. "జూతపళ్ళి" అంటే యూదుల ఊరు కాదు, సినగాగ్. సందర్భం చూసి రాయాలి.

తెలుగు ప్రేక్షకులకు దగ్గరి కథ కావాలంటే దీని తర్వాత మరో చిన్న సినిమాకు సరుకుంది. 17వ శతాబ్దం చివర్లో మద్రాసు కోటలో స్థిరపడ్డ పోర్చుగీసు మూలాల యూద వర్తకులు గోల్కొండ వజ్రాల వ్యాపారం చేశారు. 1688లో ఏర్పడ్డ మద్రాసు కార్పొరేషన్ సభ్యుల్లో వాళ్ళున్నారు. కృష్ణ ఒడ్డున కొల్లూరు గనులను వాళ్ళ మద్రాసు సమాధిరాళ్ళతో కలిపి చూపవచ్చు. గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర యూదమతం పాటించే తెలుగువాళ్ళ బెనె ఎఫ్రయిమ్ సముదాయాన్ని మాత్రం "కోల్పోయిన వారసత్వం" చట్రంలో బిగించకండి. అది ఇవాళ ప్రార్థన చేస్తున్న సముదాయం, దానికి వేరే సినిమా కావాలి.

తిరిగి ఇవ్వడం

కుటుంబ ఆల్బమ్ ఫొటోలకు ప్రతిదానికీ విడిగా రాతపూర్వక అనుమతి తీసుకోండి. ఆల్బమ్ ఇచ్చిన మనిషి, ఫొటో తీసిన మనిషి, ఫొటోలో ఉన్న మనిషి ముగ్గురూ వేరు కావచ్చు. తుది కోతకు ముందు, మాట్లాడిన ప్రతి ఒక్కరికీ వాళ్ళ భాగం చూపించండి. సినిమా పూర్తయ్యాక ప్రతి కుటుంబానికీ వాళ్ళ పూర్తి ఇంటర్వ్యూ, స్కాన్లు, నోటుపుస్తకం ఫొటోలు పెన్‌డ్రైవ్‌లో ఇవ్వండి. వేవ్, టిఫ్ మూలాలతో పాటు ఫోనులో తెరుచుకునే చిన్న కాపీలూ అందులో ఉండాలి. లేకపోతే మనవలు తెరవలేక డ్రాయర్‌లో పడేస్తారు.

కోయకుండా ఉంచిన ఇంటర్వ్యూలను రాతప్రతులతో, సమ్మతి పత్రాలతో సహా రెండు చోట్ల దాఖలు చేయండి: ఒకటి కేరళలో, ఒకటి ఇజ్రాయెల్‌లో. ఇజ్రాయెల్ జాతీయ గ్రంథాలయంలో ధ్వని ఆర్కైవ్ ఉంది, పాటలకు అది సరైన చోటు. ప్రతి ఫైలుకూ ఎవరు, ఎక్కడ, ఏ తేదీన, ఏ భాషలో అన్న నాలుగు వివరాలు ఒక సాదా టెక్స్ట్ ఫైలులో రాసి పక్కనే పెట్టండి. వాళ్ళు గీసిన వీధి పటాల అసలు కాగితాలు మీ దగ్గర ఉంచుకోవద్దు. ఆమ్లరహిత కవరులో పెట్టి, గీసిన చేతి పేరు వెనక పెన్సిల్‌తో రాసి, వాటిని కూడా కుటుంబానికే ఇవ్వండి.